ముక్కుకు పని, ఒంటికి ఈకలు



మీ ఇంట్లో పెంపుడు పక్షి ఉందా? బాల్కనీలో పంజరం పెట్టి లవ్ బర్డ్స్ పెంచుతున్నారా? తల మీద కుచ్చుతో, ఈల వేసే కాక్‌టీల్ ఉందా? లేక బూడిదరంగు ఒళ్ళు, ఎర్ర తోక ఉన్న ఆఫ్రికన్ గ్రే చిలుక ఉందా? ఉంటే ఈ ప్రసంగం మీకోసమే. లేకపోయినా వినండి. పక్కింట్లోనో, మీ అక్కయ్యగారింట్లోనో ఉండే ఉంటుంది. వాళ్ళకు చెబుదురుగాని.

ఇవాళ ఒక్క విషయమే మాట్లాడుకుందాం. పక్షి తన ఈకలు తానే పీక్కుంటుంటే మనం ఏం చేయాలి?

పొద్దున్నే పంజరం శుభ్రం చేస్తుంటే అడుగున గుప్పెడు ఈకలు కనిపిస్తాయి. పక్షి వంక చూస్తే రొమ్ము మీద చర్మం బయటపడి ఉంటుంది. ఇంట్లో అందరికీ గాభరా. ఒకరు దిష్టి తగిలిందంటారు. ఒకరు ఒంట్లో వేడి చేసిందంటారు. ఇంకొకరు పేలు పట్టాయంటారు. పక్షుల షాపులో ఏదో పొడి ఇస్తారు. నాలుగు రోజులు చల్లుతారు. పక్షి మాత్రం పీక్కోవడం మానదు.

మానకపోవడానికి కారణం ఉంది. అది ఎందుకు పీక్కుంటోందో తెలుసుకోకుండానే మనం మందు వేశాం. ముందు ఆ కారణం వెతకాలి. ఆ తర్వాతే మిగతావి.

అన్నిటికంటే ముందు ఒక సంగతి తేల్చుకోండి. పక్షి నిజంగా ఈకలు పీక్కుంటోందా? లేక అవే రాలుతున్నాయా?

ఆరోగ్యంగా ఉన్న ప్రతి పక్షీ పాత ఈకలు రాల్చుకుంటుంది. ఏడాదికి ఒకటి రెండుసార్లు ఇది జరుగుతుంది. ఆ రోజుల్లో పంజరం అడుగున ఈకలు బాగానే పడతాయి. అయినా పక్షి ఒంటి మీద చర్మం కనిపించదు. ఒక ఈక రాలుతుండగానే పక్కన కొత్త ఈక పొడుచుకొస్తూ ఉంటుంది. కుడి రెక్కలో ఏ ఈక రాలిందో, కాస్త అటూ ఇటూగా ఎడమ రెక్కలోనూ అదే రాలుతుంది. ఇలా ఉంటే భయం లేదు. మంచి తిండి పెట్టండి, చాలు.

పీక్కుంటున్న పక్షి ఇలా ఉండదు. రొమ్ము మీద, రెక్కల కింద, తొడల మీద చర్మం బయటపడుతుంది. కొన్ని ఈకలు సగానికి కొరికి ఉంటాయి. అంచులు నలిగి ఉంటాయి. ఇక్కడ ఒక గుర్తు చెబుతాను, బాగా వినండి. తల చూడండి. ఒళ్ళంతా బోడిగా ఉండి, తల మీద ఈకలు మాత్రం నిండుగా, నిగనిగలాడుతూ ఉన్నాయా? అయితే ఆ పక్షి తనే పీక్కుంటోంది. ఎందుకంటే తన ముక్కు తన తలకు అందదు. అందనిచోట ఈకలు మిగిలాయి, అందినచోట పోయాయి.

మరి తల మీద కూడా ఈకలు లేకపోతే? అప్పుడు రెండు అనుమానాలు. ఒకటి, అదే పంజరంలో ఉన్న జత పక్షి పీకుతూ ఉండొచ్చు. రెండోది, జబ్బు కావచ్చు. చిలుకల జాతికి ముక్కునూ ఈకలనూ పాడుచేసే వైరస్ జబ్బు ఒకటి ఉంది. అది ఒక పక్షి నుంచి ఇంకో పక్షికి అంటుకుంటుంది. కాబట్టి తల కూడా బోడి అయిన పక్షిని మిగతావాటి నుంచి వెంటనే వేరుచేయండి. డాక్టరు చూసేదాకా వేరుగానే ఉంచండి.

మళ్ళీ చెబుతున్నాను. తల బాగుండి ఒళ్ళు బోడి అయితే, పక్షి తనే పీక్కుంటోంది. తల కూడా బోడి అయితే, పక్క పక్షినో జబ్బునో అనుమానించాలి.

ఇప్పుడు రెండో అడుగు. పశువుల డాక్టరు దగ్గరికి తీసుకెళ్ళండి. "ఇంత చిన్న పక్షికి డాక్టరేమిటి" అనుకోకండి. ఈకలు పీక్కోవడం చాలాసార్లు లోపలి బాధకు పైకి కనిపించే గుర్తు. చర్మానికి ఇన్ఫెక్షన్ ఉండొచ్చు. కాలేయం చెడి ఉండొచ్చు. కాక్‌టీల్‌కు పేగుల్లో ఒక రకం సూక్ష్మజీవి చేరితే విపరీతమైన దురద పుడుతుంది. తుప్పు పట్టకుండా జింకు పూత పూసిన తీగ పంజరాలు ఉంటాయి చూడండి. ఆ పూతను పక్షి కొరికి కొరికి మింగితే జింకు ఒంట్లో చేరి విషమవుతుంది. ఇక తిండి సంగతి. ఏళ్ళ తరబడి ఒట్టి గింజలే తిన్న పక్షికి విటమిన్ ఏ తగ్గుతుంది, కాల్షియం తగ్గుతుంది. చర్మం ఎండి పొట్టు లేస్తుంది. దురద పుట్టినప్పుడు పక్షి గోక్కునేది ముక్కుతోనే కదా!

పేలు, పురుగులు కూడా కారణం కావచ్చు. కాకపోతే ఇంట్లో పెరిగే పక్షుల్లో మనం అనుకున్నంత తరచుగా అవి కనిపించవు. అందుకే చూడకుండా పేల మందు చల్లడం మంచిది కాదు.

డాక్టరు దగ్గరికి ఉత్త చేతులతో వెళ్ళకండి. పంజరం అడుగున తెల్ల కాగితం పరిచి, ఆ రోజు రెట్ట పడిన కాగితాన్ని అలాగే తీసుకెళ్ళండి. పక్షి పీక్కుంటున్నప్పుడు ఫోన్లో వీడియో తీసి పెట్టుకోండి. డాక్టరు ముందు పక్షి బెదిరిపోయి కదలకుండా కూర్చుంటుంది. అప్పుడు ఆ వీడియోయే అసలు సంగతి చెబుతుంది. రోజూ ఏం పెడుతున్నారో కూడా చెప్పండి. మీ ఊళ్ళో పక్షుల్ని చూసే డాక్టరు లేకపోతే పశువైద్య కళాశాలల ఆస్పత్రులున్నాయి. తెలంగాణవాళ్ళకు రాజేంద్రనగర్ ఉంది. ఆంధ్రాలో తిరుపతి ఉంది, గన్నవరం ఉంది.

డాక్టరు చూసేలోపు కొన్ని పనులు చేయకండి. కొబ్బరినూనె రాయొద్దు. వేపనూనె రాయొద్దు. మనకు ఒంటికి నూనె మంచిదే. పక్షికి మాత్రం నూనె అంటితే ఈకలు అతుక్కుపోతాయి. ఒంట్లో వెచ్చదనం నిలవదు. పైగా ఆ నూనెను నాకి మింగుతుంది. దోమల స్ప్రే, బొద్దింకల స్ప్రే పక్షి దగ్గర అసలు కొట్టొద్దు. మెడకు అట్టముక్క కట్టి ముక్కు అందకుండా చేద్దామని కొందరు చూస్తారు. అది కూడా మీ అంతట మీరు చేయొద్దు. గాయం ఉంటే ఏం కట్టాలో డాక్టరు చూసుకుంటారు.

ఒక్కటి మాత్రం ఆలస్యం చేయకూడదు. కొత్తగా పొడుచుకొస్తున్న ఈకలో రక్తం ఉంటుంది. అది విరిగితే రక్తం కారుతుంది. చిన్న పక్షికి నాలుగు చుక్కలు పోయినా ఎక్కువే. శుభ్రమైన గుడ్డతో మెల్లగా అదిమి పట్టుకుని వెంటనే డాక్టరు దగ్గరికి వెళ్ళండి.

సరే. డాక్టరు చూశారు. పరీక్షలు చేశారు. "ఒంట్లో జబ్బేమీ లేదు" అన్నారు. లేదా జబ్బుకు మందిచ్చారు, జబ్బు తగ్గింది. అయినా పక్షి పీక్కుంటూనే ఉంది. ఇప్పుడేం చేయాలి?

ఈ ప్రసంగంలో అసలు మాట ఇక్కడుంది. ఆ ముక్కుకు పని కల్పించండి.

ఒక రామచిలుక రోజు ఎలా గడుస్తుందో చూద్దాం. పంజరంలో ఉన్నది కాదు, చేలల్లో తిరిగేది. తెల్లవారకముందే గుంపు గుంపంతా అరుచుకుంటూ లేస్తుంది. జొన్న చేల మీదికో, పొద్దుతిరుగుడు చేల మీదికో ఎగిరిపోతుంది. రైతన్న మంచె మీద నిలబడి ఒడిసెల తిప్పుతుంటాడు. ఇటు తోలితే అటు వాలుతుంది. ఒక కంకి విరిచి కాలితో పట్టుకుంటుంది. గింజ గింజా ఒలుచుకుంటుంది. సగం తిని సగం పారేస్తుంది. జామతోటకు వెళ్ళి పదికాయలు కొరికి ఒక్కటి తింటుంది. బెరడు గీకుతుంది, పుల్ల చీలుస్తుంది, తొర్ర వెతుకుతుంది. మధ్యలో జతపక్షి మెడ దువ్వుతుంది. చీకటి పడేసరికి మళ్ళీ గుంపుతో చెట్టుకు చేరుతుంది. తిండి వెతుక్కోవడానికే దానికి గంటలకు గంటలు పడుతుంది. ఆ ముక్కుకు రోజంతా పని.

ఇప్పుడు ఒక ఇల్లు ఊహించుకోండి. భార్యాభర్తలిద్దరూ ఉద్యోగస్థులు. పిల్లలు స్కూలుకు వెళ్ళారు. హాల్లో పంజరం. అందులో ఒంటరి కాక్‌టీల్. పొద్దున్నే గిన్నె నిండా గింజలు పోశారు. పక్క గిన్నెలో నీళ్ళు పెట్టారు. తలుపు తాళం వేసి వెళ్ళారు. ఆ పక్షి పది పదిహేను నిమిషాల్లో కడుపు నింపుకుంటుంది. ఇంకా పొద్దు ఎనిమిదిన్నరే! సాయంత్రం ఆరింటి దాకా అది ఏం చేయాలి? కూర్చోవడానికి నున్నటి కర్ర ఒకటి ఉంది. కొరకడానికి లేదు, చీల్చడానికి లేదు, వెతకడానికి లేదు. ముక్కుకు అందేది ఒక్కటే. తన ఒంటి మీది ఈక. చేతిలో పని లేని పిల్లాడు గోళ్ళు కొరుక్కోవడం చూశారుగా. ఇదీ అంతే. మొదట ఏమీ తోచక ఒకటి పీకుతుంది. తర్వాత అదే అలవాటవుతుంది.

ఇది ఊరికే చెబుతున్న మాట కాదు. పరీక్షించి చూసిన విషయం. అమెరికాలో కాలిఫోర్నియా విశ్వవిద్యాలయానికి డేవిస్ అనే ఊళ్ళో ఒక ప్రాంగణం ఉంది. అక్కడి శాస్త్రవేత్తలు అమెజాన్ జాతి చిలుక పిల్లల్ని తీసుకున్నారు. కొన్నిటిని మామూలు పంజరాల్లో ఉంచారు. ఇంకొన్నిటికి తిండిని దాచిపెట్టి, కష్టపడి తీసుకునేలా ఏర్పాటు చేశారు. ఎక్కడానికి, కొరకడానికి రకరకాల వస్తువులు పెట్టారు. ఆ ఫలితాలు 2003లో అచ్చయ్యాయి. మామూలు పంజరంలోని పిల్లల ఈకలు రానురాను పాడయ్యాయి. పని ఉన్న పిల్లల ఈకలు బాగున్నాయి. తర్వాత ఏం చేశారంటే, ఈకలు పాడైన పిల్లలకు కూడా అదే పని ఇచ్చారు. వాటి ఈకలు కూడా మెరుగుపడ్డాయి. నెదర్లాండ్స్‌లో ఉట్రెక్ట్ విశ్వవిద్యాలయంవాళ్ళు ఆఫ్రికన్ గ్రే చిలుకల మీద చేసిన పని 2008లో వచ్చింది. అప్పటికే ఈకలు పీక్కుంటున్న చిలుకలవి. వాటికి తిండిని గొట్టాల్లో పెట్టి, ముక్కుతో శ్రమపడి తీసుకునేలా చేశారు. నెల తిరిగేసరికి ఈకల్లో మార్పు కనిపించింది.

కాబట్టి గుర్తు పెట్టుకోండి. తిండి పెట్టండి, కానీ దాచి పెట్టండి. కడుపు నిండాలి, కానీ వెతుక్కుంటే నిండాలి.

ఇదంతా ఖర్చుతో కూడిన పనేమో అనుకుంటున్నారా? ఏమీ లేదు. మన వంటింట్లో, పెరట్లో దొరికేవే చాలు. తేలికైన దానితో మొదలుపెడదాం.

మొదటి వారం ఇలా చేయండి. ఒక వెడల్పాటి స్టీలు పళ్ళెం తీసుకోండి. అందులో అరటాకు ముక్కలు చింపి వేయండి. విస్తరాకు ఉంటే కడిగి ఆరబెట్టి, కుట్టిన పుల్లలు తీసేసి, ముక్కలు చేసి వేయండి. బూజు పట్టినది మాత్రం వద్దు. ఆ ఆకుల మధ్య కాసిని గింజలు చల్లండి. పక్షి ఆకును ముక్కుతో పక్కకు లాగి గింజ ఏరుకోవాలి. అంతే. ఇది దానికి తొలి పాఠం.

రెండో వారం కంకులు కట్టండి. కొర్ర కంకి తెలుసుగా. రాయలసీమలో, పాలమూరులో కొర్ర పండించేవాళ్ళున్నారు. బడ్జీలనే చిన్న చిలుకలకు, కాక్‌టీల్స్‌కు కొర్రలంటే ప్రాణం. పెట్ షాపుల్లో ఖరీదుకు అమ్మే మిల్లెట్ స్ప్రే కూడా ఈ కొర్ర కంకే. సజ్జ కంకి అయినా మంచిదే, జొన్న కంకి అయినా మంచిదే. పురుగుమందు కొట్టని చేలోది అయితే చాలు. కంకిని పంజరం పైకప్పు నుంచి వేలాడదీయండి. అది ఊగుతుంటే పక్షి పట్టుకోవాలి, తలకిందులవ్వాలి, ఒక్కో గింజా ఒలుచుకోవాలి. మొక్కజొన్న పొత్తు దొరికే రోజుల్లో పైఆకులు ఒలవకుండా అలాగే కట్టండి. కొంచెం పెద్ద చిలుకకు అది ఒక పూట పని.

మూడో వారం పొట్లాలు కట్టండి. అరటాకు ముక్కలో చెంచాడు గింజలు, కాస్త క్యారెట్ తురుము పెట్టి మడవండి. అరటినారతో ఒక్క ముడి వేయండి. దారంతో కట్టొద్దు. పొడుగాటి దారం పక్షి కాలివేళ్ళకు చుట్టుకుంటే రక్తప్రసారం ఆగిపోతుంది. మింగితే లోపల ఇరుక్కుంటుంది. స్టేప్లర్ పిన్నులు, గుండుసూదులు అసలు వాడొద్దు. మొదట పొట్లం సగం తెరిచి ఇవ్వండి, లోపల గింజ కనిపించేలా. చింపడం వచ్చాక పూర్తిగా మూయండి.

తర్వాత కొబ్బరిచిప్ప వాడండి. బాగా కడిగి, గరుకు అంచులు రుద్ది, లోపల గింజలు పోసి, పైన అచ్చులేని కాగితపు ఉండలు కుక్కండి. కాగితం లాగితేనే గింజ దొరుకుతుంది. పెరట్లో జామచెట్టు ఉంటే ఒక కొమ్మ విరిచి, కడిగి, ఆకులతో సహా పంజరంలో పెట్టండి. వేపపుల్ల పెట్టండి. బెరడు ఒలుచుకుంటూ పక్షి కాలక్షేపం చేస్తుంది. ఒక లాభం కూడా ఉంది. కొమ్మ ఒకచోట లావుగా, ఒకచోట సన్నగా ఉంటుంది కాబట్టి పాదాలకు మంచిది.

మునగ రెమ్మ కడిగి తడితడిగా వేలాడదీయండి. విటమిన్ ఏ అందుతుంది. ముక్కుకు పని దొరుకుతుంది. బడ్జీలయితే ఆ తడి ఆకుల్లో దొర్లి స్నానం కూడా చేస్తాయి. కొత్తిమీర కట్ట, తోటకూర కూడా ఇలాగే కట్టండి. ఉడికించిన చిలగడదుంప, గుమ్మడి ముక్క, జామముక్క పుల్లకు గుచ్చి పెట్టండి. పచ్చిమిరపకాయ పెట్టినా తింటుంది. పక్షులకు మిరప కారం తెలియదు. వెన్నపండు మాత్రం పెట్టొద్దు. అదే, ఇప్పుడందరూ అవకాడో అంటున్నారే, అది. పక్షులకు అది విషం. చాక్లెట్, కాఫీ, ఉల్లిపాయ, ఉప్పు వేసిన చిరుతిళ్ళు కూడా వద్దు.

ఇక్కడ మూడు జాగ్రత్తలు చెప్పాలి.

మొదటి జాగ్రత్త. తిండి దాచమన్నాను గానీ పస్తు పెట్టమనలేదు. చిన్న పక్షి ఒక్కరోజు తిండి లేకపోయినా తట్టుకోలేదు. మొదట్లో గిన్నెలో మామూలు తిండి ఉంచండి. దాచినది అదనంగా పెట్టండి. పక్షి వెతుక్కోవడం నేర్చాక గిన్నెలోది కొంచెం కొంచెంగా తగ్గించండి. నీళ్ళు మాత్రం ఎప్పుడూ గిన్నెలోనే ఉండాలి. వంటింటి కాటా ఉంటే రోజూ పొద్దున్నే తిండికి ముందు పక్షిని తూచి రాసుకోండి. కాక్‌టీల్ సుమారు 80 నుంచి 100 గ్రాముల బరువు ఉంటుంది. నూరు గ్రాముల పక్షి 90 గ్రాములకు దిగిందంటే ప్రమాదం. వెంటనే గిన్నె నింపి డాక్టరుకు చూపించండి.

రెండో జాగ్రత్త. కొత్త వస్తువు చూస్తే పక్షి హడలిపోవచ్చు. హడలితే ఇంకా పీక్కుంటుంది. కాబట్టి కొబ్బరిచిప్పను తెచ్చినరోజే పంజరంలో పెట్టొద్దు. మొదట కాస్త దూరంగా, పక్షికి కనిపించేలా పెట్టండి. రెండు మూడు రోజులయ్యాక పంజరానికి ఆనించి పెట్టండి. ఆ తర్వాత లోపల పెట్టండి.

మూడో జాగ్రత్త. అన్నీ ఒకేసారి కట్టొద్దు. ఇవాళ రెండు పెట్టండి. రెండు రోజులకు వాటిని తీసి వేరేవి పెట్టండి. కొత్తదనం పోతే పక్షి వాటి వైపు చూడదు.

ఇక మన ప్రవర్తన గురించి ఒక మాట. పక్షి ఈక పీకగానే మనం ఏం చేస్తాం? "అయ్యో, ఏంట్రా నాన్నా అలా పీక్కుంటున్నావు!" అంటూ పరుగెత్తుతాం. కోపమొస్తే పంజరం మీద ఒక్కటి కొడతాం. ఒంటరిగా విసిగిపోయిన పక్షికి ఆ పరుగే కావాలి. పీకితే మనిషి వస్తాడని అది నేర్చుకుంటుంది. కాబట్టి పీకుతున్నప్పుడు అరవొద్దు, కొట్టొద్దు, పరుగెత్తొద్దు. మీ పని మీరు చూసుకోండి. పొట్లం చింపుతున్నప్పుడు, కొమ్మ కొరుకుతున్నప్పుడు దగ్గరికి వెళ్ళండి. అప్పుడు మాట్లాడండి. అప్పుడు ఈల వేయండి. మెచ్చుకోలు అప్పుడు ఇవ్వాలి.

మిగతా విషయాలు గబగబా చెబుతాను. నిద్ర. పక్షికి రాత్రి పది నుంచి పన్నెండు గంటల నిద్ర కావాలి. హాల్లో టీవీ పక్కన పంజరం ఉంటే, మనం సీరియళ్ళు చూసి పడుకునేదాకా దానికీ నిద్ర ఉండదు. సాయంత్రం కాగానే చీకటిగా, ప్రశాంతంగా ఉన్న గదికి మార్చండి. స్నానం. వారానికి రెండు మూడుసార్లు పొద్దుటి ఎండలో మంచినీళ్ళు సన్నటి తుంపరగా చల్లండి. ఏసీ గదిలో ఉండే పక్షికి ఇది మరీ అవసరం, గాలి పొడిగా ఉంటుంది కాబట్టి. పొగ. అగరొత్తులు, సాంబ్రాణి, దోమల కాయిల్, సిగరెట్, ఇవేవీ పక్షి ఉన్న గదిలో వద్దు. నాన్‌స్టిక్ పెనం స్టవ్ మీద మాడితే వచ్చే ఆవిరి పక్షిని నిమిషాల్లో చంపేస్తుంది. అందుకే పంజరం వంటింటి దగ్గర ఉండకూడదు. దీపావళికి టపాకాయల మోత వినపడని లోపలి గదిలో పెట్టండి.

ఇంకొకటి. కొన్ని పక్షులు జతకట్టే కాలంలో పీక్కుంటాయి. ఆ రోజుల్లో వీపు, తోక దగ్గర నిమరొద్దు. తల, మెడ నిమిరితే చాలు. పంజరంలో కుండ, పెట్టె లాంటి చీకటి మూలలు ఉంటే తీసేయండి.

ఒంటరిగా ఉందని ఇంకో పక్షిని తెచ్చేస్తే సరిపోతుందా అని చాలామంది అడుగుతారు. తొందరపడకండి. జబ్బు లేదని డాక్టరు చెప్పాలి. కొత్త పక్షిని కొన్ని వారాలు వేరే గదిలో ఉంచాలి. రెండూ కలవకపోతే ఒకదాన్నొకటి పీక్కుంటాయి. ముందు ఉన్న పక్షికి పని చూపండి. తోడు సంగతి తర్వాత చూద్దాం.

చట్టం మాట కూడా చెప్పి తీరాలి. రామచిలుకను పంజరంలో పెంచడం మన దేశంలో నేరం. 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం రామచిలుకతో పాటు మన అడవి పక్షుల్లో చాలావాటికి రక్షణ ఇచ్చింది. జాతకాలు చెప్పే చిలుకకైనా అదే చట్టం. బడ్జీలు, కాక్‌టీల్స్ ఆస్ట్రేలియా జాతులు కాబట్టి వాటి సంగతి వేరు. ఆఫ్రికన్ గ్రే పెంచేవాళ్ళు మాత్రం కేంద్ర ప్రభుత్వ పరివేష్ పోర్టల్‌లో నమోదు చేయించుకోవాలి.

చివరగా, ఎన్నాళ్ళకు తగ్గుతుంది? ఓపిక పట్టాలి. వేరుతో సహా పీకిన ఈక స్థానంలో కొత్తది కొన్ని వారాల్లో వస్తుంది. సగానికి కొరికిన ఈక అలాగే ఉండిపోయి, మళ్ళీ ఈకలు రాల్చే కాలంలో మారుతుంది. ఏళ్ళ తరబడి పీక్కున్న చోట ఈక పుట్టే కుదురే దెబ్బతిని ఉంటే అక్కడ ఇక రాకపోవచ్చు. అందుకే త్వరగా గమనించమంటున్నాను. వారానికోసారి, ఒకే రోజున, ఒకే వెలుతురులో పక్షి రొమ్ము ఫోటో తీసి పెట్టుకోండి. రోజూ చూస్తుంటే మార్పు తెలియదు. నెల తర్వాత నాలుగు ఫోటోలు పక్కపక్కన పెట్టి చూస్తే తెలుస్తుంది. మధ్యలో ఒకటి రెండుసార్లు మళ్ళీ పీక్కుంటుంది. ఇంటికి చుట్టాలొచ్చారో, పంజరం చోటు మారిందో, ఏదో కారణం ఉంటుంది. అది వెతకండి. పద్ధతి మాత్రం మానొద్దు.

ఇప్పటిదాకా చెప్పినదంతా ఒక్కసారి గుర్తు చేసుకుందాం. తల చూడండి, పీక్కుంటోందో రాలుతోందో తేల్చుకోండి. డాక్టరుకు చూపించి జబ్బు లేదని రూఢి చేసుకోండి. నూనెలు, పొడులు, స్ప్రేలు వద్దు. తిండిని దాచి పెట్టండి, పస్తు పెట్టకండి. పీకినప్పుడు పట్టించుకోకండి, పని చేసినప్పుడు పలకరించండి. చాలినంత నిద్ర, నీటి తుంపర, పొగలేని గాలి ఇవ్వండి.

ఇవన్నీ రేపే చేయాలని లేదు. రేపు పొద్దున ఒక్క పని చేయండి. రోజూ గిన్నెలో పోసే గింజల్లోంచి ఒక్క చెంచా తీసి, స్టీలు పళ్ళెంలో అరటాకు ముక్కల కింద దాచండి. పక్కన కూర్చుని ఆఖరి గింజ ఏరుకోవడానికి ఎంతసేపు పట్టిందో గడియారం చూసి కాగితం మీద రాసుకోండి. ఎల్లుండి ఇంకో ఆకు ఎక్కువ వేయండి. ఆ కాగితం మీద నిమిషాలు పెరుగుతున్నాయంటే, పక్షికి పీక్కునే తీరిక తగ్గుతోందన్నమాటే.